తెరచాప వెనక గొర్రెల మంద

1893లో షికాగోలో జరిగిన ప్రపంచ ప్రదర్శన, కొలంబస్ అమెరికా చేరి నాలుగు శతాబ్దాలు నిండాయని చేసుకున్న పండగ. ఆ పండగకు నార్వే పంపిన కానుకలో ఒక చురక కూడా ఉంది. మాగ్నస్ ఆండర్సన్ అనే కెప్టెన్ బెర్గెన్ రేవు నుంచి ఒక చెక్క ఓడలో బయల్దేరి, అట్లాంటిక్ మహాసముద్రం దాటి 28 రోజుల్లో న్యూఫౌండ్‌లాండ్ చేరి, అక్కడి నుంచి షికాగో దాకా వచ్చాడు. 1880లో నార్వేలోని గోక్‌స్టాడ్ దగ్గర మట్టిదిబ్బలో బయటపడిన వైకింగ్ ఓడకు అది నకలు. పెద్ద అలలకు ఓడ అంచులు అంగుళాల కొద్దీ మెలితిరిగేవని, అయినా ఓడలోకి నీళ్లు రాలేదని ఆండర్సన్ చెప్పాడు. కొలంబస్ కన్నా అయిదు వందల ఏళ్ల ముందే మావాళ్లు అమెరికా వెళ్లగలిగేవాళ్లని నిరూపించడానికి ఇంతకన్నా గట్టి పద్ధతి ఏముంటుంది? అయితే ఆ ప్రయాణం ఒక ప్రశ్నకు జవాబిచ్చి, అంతకన్నా చిక్కు ప్రశ్నను ముందుకు తెచ్చింది. నెల తిరక్కుండా దాటగలిగే సముద్రమే అయితే, అంత మంచి ఓడలున్నవాళ్లు అమెరికాలో ఎందుకు నిలవలేకపోయారు?

మనలో చాలామందికి వైకింగులు టీవీ సీరియళ్ల ద్వారా పరిచయం. కొమ్ముల టోపీ, చేతిలో గొడ్డలి, ముందుభాగాన డ్రాగన్ తల చెక్కిన ఓడ. కొమ్ముల సంగతి ముందే తేల్చేయొచ్చు. వైకింగుల కాలం నాటి కొమ్ముల శిరస్త్రాణం తవ్వకాల్లో ఒక్కటీ దొరకలేదు. 1876లో జర్మనీలో వాగ్నర్ సంగీత నాటకాలు ఆడినప్పుడు వేషాలు తయారుచేసిన చిత్రకారుడు తగిలించిన అలంకారం అది. దోపిడీలు మాత్రం నిజం. 793లో ఇంగ్లండ్ తీరాన లిండిస్‌ఫార్న్ మఠం మీద పడింది మొదలు, యూరప్ తీరాలు తరతరాల పాటు వీళ్ల పేరు చెబితే హడలిపోయాయి. కొత్త భూములు వెతుక్కుంటూ పడమటికి పోయిన కథ వేరు. కానీ దాన్ని కూడా మనం దోపిడీ కథ చెప్పుకున్నట్టే చెప్పుకుంటాం: భయమెరగని నాయకుడు, ఒక ఓడ, ముందెవరూ చూడని తీరం. ఈ బొమ్మలో గొర్రెలు లేవు, ఎండుగడ్డి లేదు, కదురు తిప్పే ఆడవాళ్లు లేరు, వెనక తీరాన ఒక ఊరు లేదు. నా ఉద్దేశంలో అసలు కథ నడిపినవి అవే. ఉత్తర అట్లాంటిక్‌లో వైకింగులు ఎంత దూరం వెళ్లగలరో ఓడలు తేల్చాయి. ఎక్కడ కాపురం పెట్టగలరో వెనకనున్న పల్లెలు తేల్చాయి. ఆ మాటకొస్తే ఓడ కూడా పల్లె చేసి ఇచ్చిందే.

ముందు ఓడకు దక్కాల్సిన గౌరవం దక్కనివ్వాలి. ఓక్ దుంగను వాళ్లు రంపంతో కోసేవారు కాదు. మేకులు దిగేసి, నారింజ తొనలు విడదీసినట్టు, మధ్య నుంచి బెరడు దాకా చీల్చేవారు. అలా చీల్చిన పలకలో కొయ్య నార ఎక్కడా తెగదు. అందువల్ల పలచగా ఉన్నా విరగదు, వంగుతుంది. ఒక పలక అంచు మీద ఇంకో పలక అంచు ఎక్కేలా పేర్చి, ఇనప రివెట్లు కొట్టి, సందుల్లో తారు పట్టించిన ఉన్నిగానీ జంతువుల వెంట్రుకలుగానీ కూరేవారు. ముందు పైడొల్ల కట్టి, ఆ తర్వాతే లోపల అడ్డకొయ్యలు బిగించేవారు. ఆండర్సన్ ఓడ మెలితిరిగినా పగలకపోవడానికి కారణం ఈ పనితనమే. ఇక, అన్ని వైకింగ్ ఓడలూ ఒకటి కావు. డెన్మార్క్‌లోని రోస్కిల్డె దగ్గర, పదకొండో శతాబ్దంలో శత్రువుల దారి మూయడానికి కావాలని ముంచేసిన అయిదు ఓడల్ని 1962లో వెలికితీశారు. వాటిలో ఒకటి 30 మీటర్ల యుద్ధనౌక, ఐర్లండ్‌లోని డబ్లిన్ దగ్గర 1042లో కొట్టిన ఓక్ చెట్లతో కట్టింది. దాన్ని తెడ్లతో నడపడానికి అరవై మంది కావాలి. ఆ అరవై మందికి తిండీ నీళ్లూ పెట్టాక ఇంకేదీ పట్టదు. మరొకటి 16 మీటర్ల సరుకు ఓడ. ఈ రకాన్ని ‘క్నార్’ అంటారు. పొట్ట వెడల్పు, పోక నెమ్మది. ఆరేడుగురు చాలు, 20 టన్నులకు పైగా బరువు మోస్తుంది. ఆవుల్నీ గొర్రెల్నీ గడ్డినీ పిల్లల్నీ ఎక్కించుకుని అట్లాంటిక్ దాటించింది ఈ సరుకు ఓడే. పోస్టర్ల మీద దీని బొమ్మ ఎవరూ వేయరు.

ఓడలో కొయ్య, ఇనుము అందరి కంటికీ ఆనతాయి. అన్నిటికన్నా ఎక్కువ శ్రమ మింగేది తెరచాప. ఉత్తరాది వైకింగులు దాన్ని ఉన్నితో నేసేవారు. అక్కడి పాతకాలపు గొర్రెల ఒంటి మీద రెండు రకాల బొచ్చు ఉంటుంది. పైబొచ్చు పొడుగ్గా, జిడ్డుగా, నీళ్లు అంటనివ్వకుండా ఉంటుంది. కిందది మెత్తటి ఉన్ని. రెంటినీ విడదీసి, పైబొచ్చును గట్టి పురితో వడికి పడుగు చేసేవారు, మెత్తటి ఉన్నిని వదులు పురితో వడికి పేక చేసేవారు. నేసిన గుడ్డలోంచి గాలి దూసుకుపోకుండా కొవ్వు, తారు, జేగురు కలిపి పట్టించేవారు. రోస్కిల్డెలో దొరికిన ఆ సరుకు ఓడలాంటి దానికి 90 చదరపు మీటర్ల తెరచాప కావాలి, దానికి సుమారు 200 గొర్రెల ఉన్ని పడుతుందని పరిశోధకుల అంచనా. అప్పటికి వాళ్లకు రాట్నం లేదు. చేతిలో వేలాడే కదురే, అడుగున బరువుకు ఒక రాతి బిళ్ల. అలా వడికి, నిలువు మగ్గం మీద నేసి ఒక్కరే పూర్తిచేయాలంటే ఏళ్లు పడుతుంది. అది ఒక్క తెరచాపే. సముద్రం మీద కప్పుకునే దుప్పట్లు, తొడుక్కునే బట్టలు, సరుకు మీద కప్పే పట్టాలు కూడా ఆ మందలోంచే, ఆ కదుళ్ల మీంచే రావాలి. ఐస్‌లాండ్‌లో ఈ ఉన్ని బట్టే డబ్బుగా చెలామణీ అయింది కూడా. కాబట్టి ఒక ప్రాంతం ఏటా ఎన్ని ఓడలు దించగలదన్నది అక్కడి వీరుల లెక్కను బట్టి తేలదు. శీతాకాలం గట్టెక్కించేంత గడ్డి ఎంత మందకు ఉంది, ఎన్ని ఇళ్లలో ఎన్ని చేతులు వడుకుతున్నాయి అన్నదాన్ని బట్టి తేలుతుంది. సాగాలనే పాత ఐస్‌లాండ్ గాథల్లో ఎక్కువగా ఓడ నడిపినవాళ్ల పేర్లే ఉంటాయి, తెరచాప నేసిన వాళ్ల పేర్లు వెతికితే తప్ప కనపడవు.

దారి ఎలా తెలిసేది? అయస్కాంతపు దిక్సూచి వాళ్లకు లేదు. మబ్బు పట్టిన రోజున కూడా సూర్యుడెక్కడున్నాడో చూపించే ‘సూర్యశిల’ వాడేవారన్న వాదన 1967 నుంచి తిరుగుతోంది. కాల్సైట్ స్ఫటికానికి ఆ గుణం ఉన్న మాట నిజమే గానీ, దారి చూడడానికి వాడారని గట్టిగా చెప్పగలిగిన రాయి ఏ వైకింగ్ ఓడలోనూ దొరకలేదు. పత్రికలకు ఇలాంటి మాయరాళ్లంటే ఇష్టం. నాకు మాత్రం హౌక్స్‌బోక్ అనే పద్నాలుగో శతాబ్దపు ఐస్‌లాండ్ రాతప్రతిలో ఉన్న దారి వివరం అంతకన్నా అబ్బురంగా తోస్తుంది. నార్వేలోని హెర్నార్ దగ్గర బయల్దేరి గ్రీన్‌లాండ్‌కు పడమరగా సాగాలట. షెట్లాండ్ దీవులకు ఉత్తరంగా, ఆకాశం తేటగా ఉంటే తప్ప అవి కనపడనంత దూరంలో వెళ్లాలి. ఫారో దీవులకు దక్షిణంగా, అక్కడి కొండల్లో సగం మేర సముద్రం కప్పేసినట్టు కనపడేంత దూరంలో పోవాలి. ఐస్‌లాండ్‌కు దక్షిణంగా, అక్కడి పక్షులూ తిమింగలాలూ ఎదురయ్యేంత దూరంలో సాగాలి. భూమి గుండ్రం కాబట్టి దూరమయ్యే కొద్దీ కొండ అడుగుభాగం ముందుగా మరుగవుతుంది. సగం కొండే కనిపిస్తోందంటే ఎంత దూరాన ఉన్నదీ లెక్క తేలినట్టే. ఇది ఒక్క మేధావి కనిపెట్టిన చిట్కా అయ్యే అవకాశం లేదు. ఆ దీవుల్లో కాపురాలున్న వాళ్లు, ఏటేటా వాటి పక్కగా పోయి వచ్చిన వాళ్లు, పిల్లలకు చెప్పి దాచిపెట్టిన జ్ఞానం ఇది. మధ్యలో ఊళ్లు లేకపోతే ఈ దారి నాలుగు కాలాల పాటు గుర్తుండేది కాదు.

ఇక్కడ ఒక అభ్యంతరం వస్తుంది. పల్లెలూ గొర్రెలూ సరే, కొత్త భూములు కనపడిందంతా కాకతాళీయం కదా? కథలు చూస్తే అలాగే ఉంది. నడ్డోడ్ అనేవాడు దారితప్పి ఐస్‌లాండ్ తీరానికి కొట్టుకొచ్చాడు. గున్‌బ్యోర్న్ గాలికి పడమరగా కొట్టుకుపోయి గ్రీన్‌లాండ్ వైపు రాతి దీవుల్ని చూశాడు. బ్యార్ని హెర్యోల్ఫ్సన్ అనే వర్తకుడు గ్రీన్‌లాండ్‌లో ఉన్న తండ్రి దగ్గరికి బయల్దేరి, పొగమంచులో దారితప్పి, అడవులున్న తీరం ఒకటి చూసి, దిగకుండానే వెనక్కి తిరిగాడని సాగా చెబుతుంది. అది అమెరికా. దిగనందుకు తర్వాత జనం ఆయన్ని ఎగతాళి చేశారట, ఇంటికి చేరాలనుకున్న వర్తకుడి తప్పేముందో నాకైతే అర్థం కాదు. గాలివాటం ప్రతి సముద్రంలోనూ ఉంది, దారితప్పడం ప్రతి నావికుడికీ రాసిపెట్టి ఉంది. ఆసక్తికరమైన సంగతి ఏమిటంటే, దారితప్పిన ప్రతివాడూ అంతకుముందు మెట్టు మీద స్థిరపడిన జనం దగ్గరికి పోతూనే తప్పాడు. ఐస్‌లాండ్ కనపడింది నార్వే, ఫారో దీవుల మధ్య తిరిగేవాళ్లకు. గ్రీన్‌లాండ్ కనపడింది ఐస్‌లాండ్‌కు వస్తున్నవాడికి. అమెరికా కనపడింది గ్రీన్‌లాండ్‌లో తండ్రి ఉన్నవాడికి. అదృష్టం తలుపు తట్టాలన్నా పక్కన ఒక ఇల్లు ఉండాలి.

చేరడానికీ నిలవడానికీ ఉన్న దూరం ఫ్లోకి కథలో కళ్లకు కట్టినట్టు కనిపిస్తుంది. ఐస్‌లాండ్ స్థిరవాసాలను నమోదు చేసిన ల్యాండ్‌నామాబోక్ ప్రకారం ఫ్లోకి మూడు కాకుల్ని వెంట తీసుకెళ్లాడు. మొదటి దాన్ని వదిలితే వెనక్కి ఎగిరిపోయింది, రెండోది పైకెగిరి ఓడ మీదికే వచ్చింది, మూడోది ముందుకు పోయింది. అది పోయిన వైపే వెళ్లి నేల పట్టాడు. కాకుల సంగతి అందరూ చెప్తారు, ఆ తర్వాత జరిగింది ఎవరూ చెప్పరు. అక్కడి నీళ్లలో చేపలు ఎంత విరివిగా ఉన్నాయంటే, వేసవంతా వేటలోనే గడిపేసి పశువులకు ఎండుగడ్డి కోసుకోవడం మరచిపోయారు. చలికాలంలో తెచ్చిన పశువులన్నీ చచ్చాయి. మంచుగడ్డలతో నిండిన సముద్రపు పాయను చూసి ఆ దేశానికి ‘మంచుదేశం’ అని పేరుపెట్టి ఫ్లోకి వెనుదిరిగాడు. నావికుడిగా ఆయనకు నూటికి నూరు మార్కులు. రైతుగా సున్నా. ఆ తర్వాత వచ్చినవాళ్లు సంసారాలతో వచ్చారు. సుమారు 870 నుంచి 930 మధ్య ఐస్‌లాండ్‌లో సాగుకు పనికొచ్చే నేలంతా నిండిపోయింది, 930లో ఆల్తింగ్ అనే సభ ఏర్పడింది. వచ్చినవాళ్లలో ఆడ్ అనే ఆవిడ ఉంది. భర్తా కొడుకూ పోయాక స్కాట్లాండ్ ఉత్తరాన అడవిలో గుట్టుగా ఓడ కట్టించి, మనవల్నీ పనివాళ్లనీ వెంటబెట్టుకుని వచ్చి, పడమటి ఐస్‌లాండ్‌లో పెద్ద లోయ ఆక్రమించి, తనవాళ్లకు భూములు పంచింది. డీఎన్ఏ పరీక్షలు దీనికి మరో చేదు కోణం చూపించాయి. ఐస్‌లాండ్‌లో మగవాళ్ల వంశాల్లో దాదాపు ముప్పాతిక వంతు స్కాండినేవియా నుంచి వచ్చినవి, ఆడవాళ్ల వంశాల్లో సగానికి పైగా ఐర్లండ్, స్కాట్లాండ్ వైపువి. వాళ్లలో భార్యలుగా వచ్చినవాళ్లూ ఉన్నారు, బానిసలుగా పట్టుకొచ్చినవాళ్లూ ఉన్నారు. ఐస్‌లాండ్ కదుళ్లు తిప్పిన చేతుల్లో ఇష్టపడి రాని చేతులూ ఉన్నాయి.

తర్వాతి మెట్టు గ్రీన్‌లాండ్. హత్యల నేరానికి మూడేళ్లు వెలివేస్తే, ఆ మూడేళ్లూ ఎర్రజుట్టు ఎరిక్ ఆ తీరాన్ని గాలించాడు. తిరిగొచ్చి, పేరు బాగుంటే జనం వస్తారని దానికి ‘పచ్చని నేల’ అని పేరుపెట్టాడు. మన రియల్ ఎస్టేట్ వాళ్లకు గురువనుకోవచ్చు. 985 ప్రాంతంలో 25 ఓడలు బయల్దేరితే 14 మాత్రమే చేరాయి. కొన్ని వెనక్కి పోయాయి, కొన్ని మునిగాయి. పచ్చిక దొరికే నైరుతి తీరంలో రెండు చోట్ల ఊళ్లు వెలిశాయి. అక్కడ ఓడకు పనికొచ్చే కలప లేదు, ఇనుము లేదు, ధాన్యం దాదాపు పండదు. మరి ఎలా నిలిచారు? వేసవిలో ఉత్తరాన ఎంతో దూరం పోయి వాల్రస్‌లను వేటాడి, దంతాలు కోసి తెచ్చి, యూరప్‌కు అమ్మేవారు. వాటి తోలుతో ఓడలకు గట్టి మోకులు పేనేవారు. యూరప్ పట్టణాల్లో దొరికిన, పన్నెండో శతాబ్దం నుంచి మొదలయ్యే కాలం నాటి వాల్రస్ ఎముకల్ని డీఎన్ఏ ద్వారా పరీక్షిస్తే అత్యధికం గ్రీన్‌లాండ్ వైపు మందలవేనని 2018లో తేలింది. 1831లో స్కాట్లాండ్‌లోని లూయిస్ దీవిలో దొరికిన చదరంగపు పావుల్లో ఎక్కువ భాగం వాల్రస్ దంతంతో చెక్కినవే. పోపుకు కట్టాల్సిన పన్ను కూడా గ్రీన్‌లాండ్ వాళ్లు దంతంతోనే కట్టారు. ఊరు బాగా పెరిగినప్పుడు కూడా రెండు మూడు వేల మందికి మించలేదని అంచనా. ఎరిక్ కాలంలో కొన్ని వందలు.

ఈ కొన్ని వందల మంది గడప మీద నిలబడి అమెరికా వైపు చూడాలి. ఆ తీరాన్ని విన్‌లాండ్ అని పిలిచే రెండు సాగాలు పదమూడో శతాబ్దంలో, జరిగిన రెండు వందల ఏళ్లకు రాసినవి, వాటిలో పొంతన లేని మాటలు బోలెడు. వాటిని ఎంతవరకు నమ్మాలన్న అనుమానం సహజమే. పైగా దొంగ సాక్ష్యాలు కూడా తక్కువేం లేవు. యేల్ విశ్వవిద్యాలయం దగ్గరున్న ‘విన్‌లాండ్ పటం’ సిరా ఇరవయ్యో శతాబ్దానిదని 2021లో తేలిపోయింది. అయితే 1960లో నార్వే అన్వేషకుడు హెల్గె ఇంగ్‌స్టాడ్ న్యూఫౌండ్‌లాండ్ ఉత్తర కొసన లాన్స్ ఓ మెడోస్ అనే చేపల పల్లెకు వచ్చి పాత గోడలేమైనా ఉన్నాయా అని అడిగితే, ఊరివాళ్లు గడ్డి మొలిచిన దిబ్బలు చూపించారు. ఆయన భార్య, పురావస్తు శాస్త్రవేత్త ఆన్ స్టీన్ ఏళ్ల తరబడి తవ్వి ఎనిమిది మట్టిగడ్డల కట్టడాల్ని బయటపెట్టింది. ఐస్‌లాండ్ ఇళ్ల తీరే. తేదీ తేల్చిన పద్ధతి మరీ ముచ్చటైంది. 993 ప్రాంతంలో అంతరిక్షం నుంచి వచ్చిన కిరణాల తుపాను వల్ల ఆ ఏడాది లోకంలోని చెట్లన్నిటి వలయంలోనూ రేడియోకార్బన్ ఎక్కువగా చేరింది. లాన్స్ ఓ మెడోస్‌లో లోహపు కత్తితో నరికిన మూడు వేర్వేరు చెట్ల కొయ్యల్లో ఆ వలయాన్ని గుర్తుపట్టి, అక్కడి నుంచి బెరడు దాకా వలయాలు లెక్కపెడితే మూడింటిలోనూ ఒకే సంవత్సరం వచ్చింది: 1021.

అక్కడ దొరికినవే నా వాదనకు ప్రధాన సాక్షులు. పడవల మరమ్మతుకు కొట్టిన ఇనప మేకులు, చిత్తడినేల మట్టిని కరిగించి తీసిన కొద్ది కిలోల ఇనుము తాలూకు చిట్టెం, కంచు పిన్ను ఒకటి, కదురుకు తగిలించే రాతి బిళ్ల ఒకటి. ఆ బిళ్ల ఉందంటే వడికే ఆడవాళ్లు ఉన్నట్టే లెక్క. న్యూఫౌండ్‌లాండ్‌లో పెరగని బటర్‌నట్ కాయలు దొరికాయి, అంటే వీళ్లు ఇంకా దక్షిణానికి పోయి వచ్చారు. లేనివి అంతకన్నా ఎక్కువ చెబుతాయి. పశువుల కొట్టాలు కనపడలేదు, శ్మశానం లేదు, చెత్తకుప్పలు పలచన. ఇది ఊరు కాదు, విడిది. ఓడ బాగుచేసుకుని, చలికాలం గడిపి, కలప ఎక్కించుకుని పోయే చోటు. ఆ ఇళ్లలో డెబ్బై నుంచి తొంభై మంది పడతారు. అప్పటి గ్రీన్‌లాండ్ జనాభా అయిదు వందలకు అటూ ఇటూ అయితే, ప్రతి ఆరేడుగురిలో ఒకరు ఇక్కడికి వచ్చేస్తే అక్కడ గడ్డి ఎవరు కోస్తారు, వాల్రస్‌ను ఎవరు వేటాడతారు? సాగాల్లో థోర్ఫిన్ కార్ల్స్‌ఎఫ్ని, ఆయన భార్య గుడ్రిడ్ పశువుల్ని కూడా తోలుకుని నిజంగా కాపురానికే వచ్చారు. వాళ్ల కొడుకు స్నోరి అక్కడే పుట్టాడు. కొన్నేళ్లకే మూటాముల్లె సర్దుకున్నారు. గుడ్రిడ్ ఆ తర్వాత కాలినడకన రోమ్ యాత్ర చేసి, చివరికి సన్యాసినిగా స్థిరపడిందట. సినిమా తీస్తే ఆమె మీదే తీయాలి.

వెనుదిరగడానికి కారణం స్థానికులతో పోరాటాలని సాగాలే చెబుతున్నాయి కదా అనొచ్చు. నిజమే. ఎరిక్ కొడుకు థోర్వాల్డ్ బాణం తగిలి చనిపోయాడు. కార్ల్స్‌ఎఫ్ని బృందం ముందు పాలూ ఎర్రబట్టా ఇచ్చి తోళ్లు తీసుకుంది, చివరికి కొట్లాటలోకి దిగింది. ఐస్‌లాండ్ దాదాపు ఖాళీ, గ్రీన్‌లాండ్ దక్షిణం ఖాళీ, అమెరికా ఒక్కటే జనం నిండిన నేల. అదే రోగానికి మూలమంటే నేను పూర్తిగా కాదనను. కానీ కొలంబస్ మొదటి ప్రయాణంలో ఏం జరిగిందో గుర్తుచేసుకోవాలి. ఆ ప్రయాణం చివర ఆయన లా నవిదాద్ అనే స్థావరంలో 39 మందిని వదిలిపెట్టి వెళ్లాడు. 1493 చివర్లో తిరిగొచ్చేసరికి ఒక్కడూ ప్రాణాలతో లేడు. విన్‌లాండ్‌లో జరిగిన దానికన్నా ఇది పెద్ద ఓటమి. తేడా ఎక్కడుందంటే, తిరిగొచ్చినప్పుడు కొలంబస్ వెంట 17 ఓడలు, పన్నెండు వందలకు పైగా జనం, గుర్రాలు, పశువులు, చెరకు మొక్కలు ఉన్నాయి. ఓడిపోయినా మళ్లీ మళ్లీ పంపగల రాజ్యం వెనకుంది. స్పెయిన్ వాళ్లకు తుపాకులున్నాయి, 1518 తర్వాత మశూచి కూడా వాళ్ల పక్షాన పోరాడింది, ఆ సంగతీ ఒప్పుకోవాలి. ఆ రెండూ కూడా జనం కిక్కిరిసిన దేశాల సరుకులే. అయిదు వందల మంది ఉన్న ఊరు ఒక్క ఓటమికి మించి భరించలేదు.

వాతావరణం మాటేమిటి? తొలి శతాబ్దాల్లో చలి తగ్గి ఉంది, పదమూడో శతాబ్దం తర్వాత మళ్లీ పెరిగింది, అందుకే గ్రీన్‌లాండ్ ఊళ్లు అంతరించాయి అన్నది బళ్లలో చెప్పే కారణం. చలి పాత్ర ఉంది, గడ్డి తగ్గింది, సముద్రంలో మంచు పెరిగింది. కానీ వాళ్లు నాలుగు వందల ఏళ్లకు పైగా నిలిచారు. సమాధుల్లోని ఎముకల్ని పరీక్షిస్తే, కాలం గడిచే కొద్దీ పశువుల తిండి తగ్గి సీల్ లాంటి సముద్రపు తిండి బాగా పెరిగిందని తేలింది. అంటే చలికి తగ్గట్టు బతకడం నేర్చుకున్నారు. తిండి మార్చుకోగలిగారు గానీ, కలపా ఇనుమూ లేని చోట ఓడల్ని మాత్రం పుట్టించలేకపోయారు. ఏనుగు దంతం యూరప్‌కు విరివిగా రావడం మొదలయ్యాక వాల్రస్ దంతానికి గిరాకీ పడిపోయింది, అంత దూరం వచ్చే వర్తకులూ తగ్గారు. మెరుగైన స్థితిలో ఉన్న ఐస్‌లాండే ఈ చిక్కులో పడింది. అక్కడి అడవులు బర్చ్‌వి, ఓడకు పనికొచ్చే మాను లేదు. 1262లో నార్వే రాజుకు లోబడుతూ చేసుకున్న ఒప్పందంలో ఐస్‌లాండ్ వాళ్లు పెట్టిన షరతుల్లో ఒకటి, ఆరు ఓడలు పంపించాలని. ఆడ్ లాంటివాళ్లు సొంత ఓడల్లో వచ్చి నింపిన దేశం, నాలుగు వందల ఏళ్లకు ఓడల కోసం రాజుతో బేరమాడాల్సి వచ్చింది.

అమెరికా దారి మాత్రం వాళ్లు మరచిపోలేదు. గ్రీన్‌లాండ్ ఇళ్ల శిథిలాల్లో దొరికిన కొయ్యల్లో ఉత్తర యూరప్‌లో పెరగని, ఉత్తర అమెరికాలో పెరిగే హెమ్‌లాక్, జాక్‌పైన్ ఉన్నాయని 2023లో తేలింది. కార్ల్స్‌ఎఫ్ని వెనక్కి వచ్చాక కూడా కలప కోసం పోయి వస్తూనే ఉన్నారన్నమాట. 1347లో ఐస్‌లాండ్ వార్షిక రికార్డుల్లో ఒక ఓడ గురించి రాసుకున్నారు. అది గ్రీన్‌లాండ్ నుంచి మార్క్‌లాండ్‌కు, అంటే ఇప్పటి లాబ్రడార్ వైపు అడవి తీరానికి వెళ్లి, తిరుగుదారిలో గాలికి కొట్టుకొచ్చి ఐస్‌లాండ్ చేరింది. కొలంబస్‌కు నూట నలభై ఐదేళ్ల ముందు అమెరికా నుంచి వచ్చిన ఓడ అది. రాసినవాళ్లకు అందులో వింతేమీ కనపడలేదు. వాళ్లు ప్రత్యేకంగా నమోదు చేసింది వేరే సంగతులు: అందులో పదిహేడు మందో పద్దెనిమిది మందో ఉన్నారని, అది ఐస్‌లాండ్‌లోని చిన్న పడవలకన్నా చిన్నదని, దానికి లంగరు కూడా లేదని.